గదిలో గడిచిన సర్వీసు

"ఒక రోజంటే ఒక రోజేనమ్మా. ప్రభుత్వానికి ఒకటే క్యాలెండరు," అన్నారు డైరెక్టరు త్రివిక్రమరావు గారు. అని, ఎదురుగా ఉన్న ప్లేటులోంచి జీడిపప్పు ఏరుకుని నోట్లో వేసుకున్నారు.

నాకు ఒళ్ళు మండిపోయింది. కిందటేడు దాకా ఆయన నాకంటే ఏడేళ్ళు పెద్ద. ఇప్పుడు నేనే ఆయనకంటే పెద్దదాన్ని. నా జుట్టు చూసి కూడా క్యాలెండరు గురించి మాట్లాడుతున్నాడంటే ఆ మనిషికి ఎంత ధైర్యం ఉండాలి!

నా పేరు పసుపులేటి హైమావతి. గోదావరి లంకల పక్కనున్న వరి పరిశోధనా కేంద్రంలో శాస్త్రవేత్తను. నేను ముసలిదాన్ని అయింది ఏదో జబ్బు చేసి కాదు. ఉద్యోగం చేసి.

మా పనిలో తొందర కుదరదు. కొత్త వంగడం రావాలంటే పంట మీద పంట వేసి, మంచి కంకులు ఏరి, మళ్ళీ వేసి, అలా ఏళ్ళ తరబడి కూర్చోవాలి. సముద్రం నీళ్ళు పొలాల్లోకి ఎగదన్నుతుంటే రైతులు అన్నేళ్ళు ఎక్కడ ఆగుతారు? అందుకని భౌతికశాస్త్రం వాళ్ళు హైదరాబాదు నుంచి వచ్చి మా పాత గిడ్డంగి గది చుట్టూ ఏవేవో యంత్రాలు బిగించారు. మొదటిరోజు ఒక ట్రేలో మొలక వచ్చిన వడ్లు లోపల పెట్టి తలుపు వేశారు. మేం టీ తాగి, సమోసాలు తిని వచ్చి తలుపు తీస్తే బెత్తెడు నారు! మళ్ళీ వేసి సాయంత్రం ఆఫీసు కట్టేసే వేళకు తీస్తే వంగిన కంకులు. బయట ఒక ఆఫీసు రోజు గడిస్తే లోపల ఒక పంటకాలం, అంటే నాలుగు నెలలు గడుస్తుంది. అందరం చప్పట్లు కొట్టాం. లోపల పంట చూసుకునే మనిషికి కూడా అంతే కాలం గడుస్తుంది కదా అన్న సంగతి చప్పట్లు ఆగాక గానీ ఎవరికీ తట్టలేదు.

అప్పుడు మొదలైంది ఎవరు వెళ్ళాలన్న గొడవ. మా కేంద్రంలో నాకంటే ఒక ఏడాది ముందు చేరిన వాడు ముక్కామల జోగారావు. కేంద్రం అధిపతి పోస్టు ఖాళీగా ఉండటంతో ఇన్‌ఛార్జి కూడా ఆయనే.

"నాకు బీపీ అండి," అన్నాడు జోగారావు, ఛాతీ మీద చెయ్యేసుకుని. "పైగా పొలం పనంటే ముందు జూనియర్లు చూడాలి కదండి. హైమావతి గారున్నారు."

మా ఆఫీసుల్లో ఇదొక చిత్రం. చాకిరీ కింద నుంచి పంచుకుంటూ వస్తారు, గౌరవం పై నుంచి పంచుకుంటూ వస్తారు. కూలీలను తోడు పంపారు గానీ, సాయంత్రం బయటికి వచ్చాక మస్టర్లో ఒక్క రోజు కూలి రాసేసరికి వాళ్ళు దణ్ణం పెట్టి మళ్ళీ ఆ గుమ్మం తొక్కలేదు. నేనొక్కదాన్నే మిగిలాను. నెలకు మూడుసార్లు పొద్దున్నే హాజరు పట్టీలో సంతకం పెట్టి లోపలికి వెళ్ళేదాన్ని. నాట్లు వేసి, కలుపు తీసి, పూత వేళ ఒక్కొక్క పువ్వుకీ సన్నటి పట్టకారుతో సంకరం చేసి, కోసి, ఎండబెట్టి, సాయంత్రానికి వడ్ల సంచులతో బయటికి వచ్చేదాన్ని. నాలుగు నెలల చాకిరీ, ఒక్క సంతకం. ఇదేమిటని అడిగితే, ఒక తేదీ కింద రెండు సంతకాలు పెట్టే గడి లేదన్నారు.

మా ఆయన వీరభద్రం జూనియర్ కాలేజీలో లెక్కలు చెబుతారు. మొదటిసారి వెళ్తున్నప్పుడు అలవాటు కొద్దీ మధ్యాహ్నానికని క్యారియర్లో పప్పన్నం పెట్టిచ్చారు. ఆ పప్పన్నం తిన్నాక నాలుగు నెలలు నా చేతి వంట నేనే తిని, మనిషి గొంతు వినక, ఎప్పుడెప్పుడు ఇంటికి వెళ్తానా అని ఏడ్చాను. తీరా వస్తే మా అమ్మాయి లాస్య గుమ్మంలోనే ముఖం మాడ్చుకుని నిలబడింది.

"ఏమాలోచించావ్?" అంది.

"దేని గురించే?"

"పొద్దున్న అడిగాను కదా, విహారయాత్ర సంగతి! పొద్దున అడిగింది సాయంత్రానికి మర్చిపోతావా? నువ్వసలు నా మాటే వినవమ్మా."

దానికి అది పొద్దుటి మాట. నాకు ఆ పొద్దు ఎక్కడో, ఎప్పుడో. నేను నాలుగు నెలలు బెంగపెట్టుకున్న పిల్ల ఎదురుగా నిలబడి కసురుకుంటుంటే, వంటింట్లోకి వెళ్ళి ఉప్పు డబ్బా ఎక్కడుందో తెలియక నిలబడిపోయాను. నా ఇల్లే నాకు కొత్తయిపోయింది.

ఏడాది తిరిగేసరికి నాకు పన్నెండేళ్ళు మీద పడ్డాయి. మా ఆడపడుచు కూతురి పెళ్ళిలో ఎవరో పెద్దావిడ మా ఆయనతో, "మీ అమ్మగారాండీ? ఓపిగ్గానే ఉన్నారు," అంది. ఆయన ముఖం ఎర్రబడింది. "మా ఆవిడండి," అన్నారు. ఆ తర్వాత కూడా నన్ను పెళ్ళిళ్ళకు తీసుకెళ్ళడం మానలేదు గానీ, ఫొటోలు తీసేటప్పుడు మాత్రం ఎవరో పిలిచినట్టు పక్కకు వెళ్ళిపోయేవారు. లోపల్లోపల కుళ్ళి కుళ్ళి ఏడ్చాను.

అంతా చేస్తే, ఉప్పునీళ్ళలో నిలబడి గింజ కట్టే వరి వచ్చింది. పత్రికల్లో ఫొటో జోగారావుది. ఇన్‌ఛార్జి కదా! దాన్ని కూడా దిగమింగాను. కానీ అధిపతి పోస్టు భర్తీకి కమిటీ వేస్తున్నామని, సీనియారిటీలో మొదట జోగారావు, తర్వాత నేను అని నోటీసు బోర్డులో అంటించేసరికి ఇక ఆగలేదు. అందుకే ఆ రోజు డైరెక్టరు గారి ముందు నిలబడ్డాను.

"పన్నెండేళ్ళండి," అన్నాను. "నా పళ్ళు చూడండి. ఎముకలు పరీక్ష చేయించండి. ఈ కేంద్రం పని మీద అరిగిన ఒళ్ళు ఇది. ఆయన ఆ పన్నెండేళ్ళూ ఎక్కడున్నాడు? ఫ్యాను కింద ఉన్నాడు."

"నిన్ను పరిగణనలోకి తీసుకోబోమని ఎవరన్నారమ్మా, తీసుకుంటాం. పరిగణించమని అడిగే హక్కు నీకుంది. ఇమ్మనే హక్కు లేదు."

"పరిగణించడమంటే నా పేరు ఒకసారి చదివి పక్కన పెట్టడమా?"

ఆయన జీడిపప్పు తినడం ఆపారు. నేను అక్కడితో ఊరుకోలేదు. పైకి రాశాను. డాక్టర్ల దగ్గరికి వెళ్ళాను. గది లోపలి గడియారం రికార్డులన్నీ తీయించాను. చివరికి ఉత్తర్వు వచ్చింది. గది లోపల గడిచిన కాలమంతా సర్వీసు కిందికే వస్తుందని. ఆ లెక్కన జోగారావు కంటే నేను పదకొండేళ్ళు సీనియర్ని.

ఆ రోజు మా ఇంట్లో పండగే. లాస్య నా మెడ పట్టుకుని వేలాడింది. "ఇంక గదిలోకి వెళ్ళవు కదమ్మా? ఒట్టెయ్," అంది. దాని తల మీద చెయ్యి పెట్టి ఒట్టేశాను. కమిటీ కూర్చోవడం ఒక్కటే మిగిలింది. అది ఐదు వారాలు వాయిదా పడింది. వెధవ వాయిదా.

మర్నాడు పొద్దున ఆఫీసుకు వెళ్ళేసరికి గది ముందు జోగారావు నిలబడి ఉన్నాడు. చంకలో పరుపుచుట్ట, చేతిలో బియ్యం సంచి.

"ఏంటండీ ఈ పరుపు?" అన్నాను.

"డ్యూటీకండి."

"ఏం పంట వేస్తారు?"

"పంటన్న మాట ఉత్తర్వులో ఎక్కడుందండి? గడిచిన కాలం అన్నారు. గడిపొస్తాను," అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. నవ్వుతూనే లోపలికి వెళ్ళాడు.

మొదట నాకు నవ్వొచ్చింది. పక్క చెరుకు రసం బండి దాకా నడవడానికి బీపీ అడ్డొచ్చే మనిషి, ఎన్నాళ్ళు ఉంటాడులే అనుకున్నాను. ఆ సాయంత్రం గడ్డంతో బయటికొచ్చాడు. మర్నాడు మళ్ళీ వెళ్ళాడు. ఆ మర్నాడూ వెళ్ళాడు. ఆదివారం కూడా మానలేదు. ప్రతి సాయంత్రం తలుపు తెరుచుకునేది, కాస్త వంగిన జోగారావు, కాస్త తెల్లబడిన జోగారావు బయటికి వచ్చేవాడు. రెండో వారానికి నేనూ గోడ క్యాలెండరు ముందు నిలబడి లెక్క వేశాను. ఈ మనిషి నిజంగానే నన్ను దాటేస్తాడు!

ఒకరోజు వాళ్ళావిడ రమామణి మా ఇంటికి వచ్చింది. కూర్చోమన్నా కూర్చోలేదు.

"మీరొక మాట చెప్పండి వదినా. ఆయన మందులు కూడా సరిగ్గా వేసుకోవట్లేదు. రోజూ నాలుగు నెలల మాత్రలు ఇమ్మంటే మందుల షాపువాడు ఇవ్వనంటున్నాడు. అరముక్క, పావుముక్క చేసుకు మింగుతున్నారు."

"నేను పంపానా ఆయన్ని?" అన్నాను.

"మీరు మానుకుంటానంటే ఆయన ఆగుతారు."

"పన్నెండేళ్ళు పోగొట్టుకున్నదాన్ని నేను. మానుకోవాల్సింది నేనా?"

ఆవిడ నా తెల్లజుట్టు వంక చూసి, చెప్పులేసుకుని వెళ్ళిపోయింది.

కమిటీకి ఇంకొక్క రోజు ఉందనగా ఆఫీసు సూపరింటెండెంటు గొంతు తగ్గించి చెప్పాడు. "ఈ సాయంత్రానికి లెక్క వేశానండి. జోగారావు గారు మీకంటే రెండు రోజులు ముందున్నారు. రేపు కూడా వెళ్తారట."

ఇంట్లో చెప్పాను. మా ఆయన చేతిలో ముద్ద అలాగే ఉండిపోయింది. "పోతే పోయింది హైమా. రేపొక్క రోజు ఇంట్లో ఉండు. వదిలెయ్."

"ఎలా వదిలెయ్యను? ఊరికే ఇచ్చారా నాకు? మీ పక్కన మీ తల్లిలా కనబడుతున్నానే, దానికి బదులేమిటి మరి?"

లాస్య కంచం ముందు నుంచి లేచిపోయింది. నేను ఒట్టేసిన సంగతి అది గుర్తు చేయలేదు. చేసి ఉంటే కొట్టేదాన్నేమో. అంత కసిగా ఉన్నాను ఆ పూట.

గది తాళంచెవి ఇన్‌ఛార్జి సంతకం లేకుండా కదలదు. మర్నాడు పొద్దున జోగారావు వచ్చి సంతకం పెట్టాడు. వాచ్‌మన్ అప్పన్న తలుపు తీశాడు. జోగారావు లోపలికి అడుగు పెట్టగానే నా సంచి తీసుకుని నేనూ వెనకే దూరాను.

"ఇదేంటండీ! ఇద్దరం వెళ్తే లాభమేంటి?" అన్నాడు.

"మీకు లాభం ఉండకూడదనే."

తలుపు పడింది. ఇద్దరికీ ఒకటే కాలం. నేను లోపలే ఉన్నంతవరకూ ఆయన నాకంటే ఆ రెండు రోజులకు మించి ముందుకు పోలేడు. కానీ తలుపు పక్కన గంట ఉంది. ఎవరైనా మధ్యలో బయటికి పోవాలంటే ఆ గంట నొక్కాలి. ముందు నొక్కి పోయినవాళ్ళు ఓడినట్టు. ఆ మాట పైకి అనుకోలేదు గానీ ఇద్దరికీ తెలుసు.

ఒకే పొయ్యి. పొద్దున ఆయన వండుకునేవాడు, ఆయన గిన్నె దించాక నేను. నా మంచం ఈ చివర, ఆయన పరుపు ఆ చివర. మధ్యలో నేను ముప్పై ఆరు పంటలు తీసిన మడి, బయటి లెక్కన నెల నుంచి నాగలి ముఖం చూడక నెర్రెలిచ్చి ఉంది. సరదాకైనా ఇద్దరిలో ఎవరం ఒక్క మొక్క నాటలేదు. పని చేసినందుకు కాదు కదా సీనియారిటీ! కూర్చున్నందుకు.

కొన్ని వారాలు మాటల్లేవు. ఆ తర్వాత ఒక పూట అన్నం తింటూ ఆయనే అన్నాడు. "నేను పెద్దగా పనికొచ్చే మనిషిని కానని మీకు తెలుసు. నాకూ తెలుసండి. సీనియర్ని అన్న మాటొక్కటే నాకున్నది. అదీ మీరు పట్టుకుపోతే ఇంట్లోవాళ్ళకి ఏం చెప్పుకోను?"

"అదొక్కటే ఉంటే ఇంకొకటి సంపాదించుకోవలసింది. ఇన్నేళ్ళు ఏం చేశారు?" అన్నాను.

ఆయన మాత్రల రేకు తీసి, గోటితో ఒక ముక్క విరుచుకుని, మిగతాది జాగ్రత్తగా మడిచి పెట్టుకున్నాడు. ముఖం ఉబ్బి ఉంది. గంట నొక్కితే బయట ఆస్పత్రి ఉంది, వెళ్ళొచ్చు. వెళ్ళడు. నాకు తెలుసు వెళ్ళడని. వెళ్ళమని నేనూ అనలేదు. అంటే నన్ను పంపించేసి తనుంటుంది అనుకుంటాడు. నిజంగానే అలా అనుకునేవాడు.

ఒకరోజు పొయ్యి దగ్గర దబ్బున పడ్డాడు. మూతి వంకర పోయింది, కుడి చెయ్యి లేవలేదు. నేను పరిగెత్తి గంట నొక్కాను. నొక్కి నొక్కి వేలు నొప్పెట్టింది. తలుపు తెరుచుకోలేదు. ఎందుకు తెరుచుకుంటుంది? అక్కడ అప్పన్న గంట విని కుర్చీలోంచి లేవడానికి పట్టే కాలం ఇక్కడ ఒక పూట. నాకు అప్పటిదాకా ఆ సంగతి లెక్క కట్టాల్సిన అవసరమే రాలేదు.

తల నా సంచి మీద పెట్టి, గొంతు తడిపాను. ఆయన ఏదో అనబోతున్నాడు. వంగి విన్నాను.

"గంట... నేను నొక్కలేదు... మీరే నొక్కారు."

"అవును మహానుభావా, నేనే నొక్కాను! నోరు మూసుకుని పడుకోండి!" అని అరిచాను. అరుస్తూనే ఏడుపొచ్చింది. ఆయన కళ్ళలో ఏదో తృప్తి కనబడింది. నాకు అది చూసి ఇంకా ఒళ్ళు మండింది.

రెండో రోజు పోయాడు. లోపలి గడియారం చూసి వేళ గుర్తు పెట్టుకున్నాను. నా దుప్పటి కప్పాను. ఆ తర్వాత తలుపు తెరుచుకోవడానికి మూడు రోజులు పట్టింది. నిద్ర లేదు, తిండి లేదు. వాసన గురించి చెప్పను. ఈ మనిషితో పాతికేళ్ళుగా ఉన్న వైరమంతా ఆ మూడు రోజులు మనసులో తిరగేసి చూసుకున్నాను. తగ్గలేదు. కానీ ఆయనకి చీమ పట్టకుండా మాత్రం చూసుకున్నాను.

తలుపు తీసింది అప్పన్న. పక్కన మా కుర్ర శాస్త్రవేత్త శశిధర్.

"గంట వినగానే వచ్చామండి," అన్నాడు అప్పన్న. "తాళంచెవికి సంతకం కావాలి కదండి."

"సంతకం పెట్టాల్సింది ఇన్‌ఛార్జి గారు మేడం," అన్నాడు శశిధర్. "ఆయన లోపలున్నారు. ఆయన తర్వాత మీరు. మీరూ లోపలే. మూడోవాణ్ణి నేను, నాకు ఛార్జి ఇచ్చినట్టు కాగితం లేదు. రేపు మాటొస్తుందేమోనని డైరెక్టరు గారికి ఫోన్ చేసి అడిగి సంతకం పెట్టాను. పావుగంట కంటే పెద్దగా పట్టలేదండి."

ఆ కుర్రాణ్ణి లాగి ఒక్కటి కొడదామనుకున్నాను. కానీ వాడు చేసింది మా అందరి పద్ధతే. సీనియర్లు ఇద్దరూ లోపల కూర్చుంటే, జూనియర్ చేతికి తాళంచెవి ఎవరిస్తారు?

కర్మకాండలు అయ్యాక కమిటీ కూర్చుంది. నన్ను లోపలికి పిలిచారు. డైరెక్టరు గారి ముఖం విప్పారి ఉంది. ఫైలు ముగిసిపోతుందన్న సంతోషం.

"కూర్చోమ్మా. నీ కష్టం ఊరికే పోలేదు," అన్నారు. "జోగారావు నీకంటే రెండు రోజులు ముందున్నమాట నిజమే. ఇద్దరూ కలిసి ఉన్న రోజులు ఇద్దరికీ సమానం, అవి పోయాయి. కానీ ఆయన సర్వీసు చనిపోయిన క్షణంతో ఆగిపోయింది. నువ్వు ఆ తర్వాత కూడా మూడు రోజులు లోపలే ఉన్నావు. లోపల గడిచిన కాలమంతా సర్వీసే అని ఉత్తర్వు. నువ్వు తెచ్చుకున్న ఉత్తర్వే! ఆ మూడు రోజులు కలిపితే నువ్వే సీనియర్. ఒక్క రోజు తేడాతో గెలిచావమ్మా. అభినందనలు."

ఆ మూడు రోజులు. దుప్పటి కింద ఆయన, పక్కన నేను, చీమలు తోలుకుంటూ. వీళ్ళు దాన్ని కూడా కలిపారు. కలిపి కుర్చీ ఇస్తున్నారు.

"ఆ మూడు రోజులు నాకు గైర్హాజరు వేయండి," అన్నాను.

"ఏంటమ్మా?"

"నేను డ్యూటీలో లేను. శవం పక్కన కూర్చున్నాను. అది ఈ కేంద్రం పని కాదు. గైర్హాజరు వేయండి."

"నీకేమైనా మతి పోయిందా? గైర్హాజరు వేస్తే అది సర్వీసులోకి రాదు. జోగారావు సీనియర్ అవుతాడు. పోయినవాడికి ప్రమోషన్ రాసి, వాళ్ళావిడకి ఆ హోదా పెన్షన్ ఇచ్చి, నీ సంగతి మళ్ళీ మొదట్నుంచి ఎత్తుకోవాలి. మళ్ళీ కమిటీ ఎప్పుడో, అప్పటికి ఎవరు ఏ గదిలో ఎంత కాలం గడిపి వస్తారో నాకే తెలీదు. అయినా ఆయనంటే నీకు పడదు కదమ్మా!"

"పడదండి. ఇప్పటికీ పడదు. అయినా ఆయనే సీనియరు. వేయండి."

ఆయన పెన్ను మూత తీశారు. నేను లేచి తలుపు దాకా వెళ్ళాను గానీ బయటికి వెళ్ళలేదు. వెనక్కి తిరిగి, ఆయన నా సర్వీసు పట్టీలో ఆ మూడు రోజుల గళ్ళూ ఒక్కొక్కటిగా కొట్టేసిందాకా అక్కడే నిలబడ్డాను.